కొత్త చట్టం, పాత ఓలి: 1943 నాటి హ్వాచీ కేసు

కుటుంబ తగాదాల్లో మధ్యవర్తులుగా కొత్తగా చేరినవాళ్ళకు శిక్షణలో నేను మొదట చేతికిచ్చే కేసు మన దేశానిది కాదు. చైనాలో గాన్సూ రాష్ట్రం తూర్పు కొసన, హ్వాచీ కౌంటీలో 1943లో నడిచిన పెళ్ళి తగాదా అది. మన ఊళ్ళ కేసు ఇస్తే చదివేవాళ్ళు ముందు కులం చూస్తారు, తర్వాత పార్టీ చూస్తారు, ఆ తర్వాత చుట్టరికం వెతుకుతారు. హ్వాచీ కేసులో వాళ్ళకు ఎవరూ చుట్టాలు లేరు కాబట్టి నిక్కచ్చిగా వాదిస్తారు. వాదన సగంలోకి వచ్చేసరికి ఎవరో ఒకరు "ఇది మా మండలంలో మొన్న జరిగిందే కదండీ" అంటారు. ఆ మాట వచ్చాక అసలు పని మొదలవుతుంది.

ముందు ఆ నేల గురించి. అది పసుపు మట్టి గుట్టల దేశం. గుట్టను తొలిచి గుహల్లాంటి ఇళ్ళు కట్టుకుంటారు. కొర్రలు, వరిగలు పండితే పండినట్టు, వాన మొహం చాటేస్తే ఆ ఏడు అంతే. యెనాన్ కేంద్రంగా కమ్యూనిస్టు పార్టీ పాలించిన షాన్-గాన్-నింగ్ సరిహద్దు ప్రాంతంలో హ్వాచీ ఒక భాగం. ఒకపక్క జపాన్‌తో యుద్ధం, ఇంకోపక్క జాతీయవాద ప్రభుత్వపు దిగ్బంధం. అప్పటికి వాళ్ళు తమది సోషలిజం అని చెప్పుకోలేదు, నవ ప్రజాస్వామ్యం అనేవాళ్ళు. కానీ కొత్త సమాజం ఎలా ఉండబోతుందో ఊరి జనానికి మొదట తెలిసింది పన్నుల్లోనూ, పెళ్ళిళ్ళలోనూ.

1939 ఏప్రిల్‌లో అక్కడ వివాహ నిబంధనలు వచ్చాయి. పెళ్ళి ఇద్దరి ఇష్టంతోనే జరగాలి. పెద్దలు బలవంతంగా కుదర్చడం, పిల్లను డబ్బుకు ఇవ్వడం నిషేధం. అబ్బాయికి 20, అమ్మాయికి 18 నిండాలి, ప్రభుత్వం దగ్గర నమోదు చేయించుకోవాలి. కాగితం మీద ఇంతకంటే మంచి చట్టం ఆ రోజుల్లో ఆసియాలో వెతికినా కష్టమే. ఆ ఊళ్ళలో మాత్రం పిల్ల పుట్టిన నాలుగైదేళ్ళకే మాట ఇచ్చిపుచ్చుకోవడం, మగపెళ్ళివారు ఓలి (పిల్ల తండ్రికిచ్చే సొమ్ము) చెల్లించడం తరతరాల అలవాటు. మగపిల్లాడున్న పేద ఇంట్లో ఓలి డబ్బు కూడబెట్టడానికి ఏళ్ళు పట్టేది. ఆడపిల్ల తండ్రికి ఆ డబ్బే తన కొడుకు పెళ్ళికి పెట్టుబడి. ఒక ఇంటికి వచ్చిన ఓలి ఇంకో ఇంటికి వెళ్ళేది, ఆ గొలుసులో ఒక్క కొక్కెం ఊడినా ఎవరో ఒకరి పెళ్ళి ఆగిపోయేది.

జరిగింది

ఫెంగ్ యాన్‌గ్వే అనే రైతు తన కూతురు పెంగర్‌ను 1928లో, ఆమెకు నాలుగేళ్ళప్పుడు, జాంగ్ జిన్‌త్సై కొడుకు జాంగ్ బైకి ఇస్తానని మాట ఇచ్చాడు. పద్నాలుగేళ్ళు గడిచాయి. పిల్ల ఎదిగింది, ఓలి రేట్లు ఇంకా ఎదిగాయి. 1942 మేలో తండ్రి గుట్టుచప్పుడు కాకుండా వేరే సంబంధం ఒప్పుకున్నాడు. 2,400 యువాన్ల కాగితం డబ్బు, 48 వెండి నాణేలు. అదే చేత్తో అధికారుల దగ్గరికి వెళ్ళి, పాత మాట రద్దు చేయమని అర్జీ పెట్టాడు. అర్జీలో రాసిన కారణం వివాహ స్వేచ్ఛ! చిన్నప్పుడు పెద్దలు కుదిర్చిన సంబంధం చెల్లదని మీ చట్టమే చెబుతోంది కదా అన్నాడు.

శిక్షణలో ఇక్కడ నేను కాసేపు ఆగుతాను. కొత్త చట్టం ఊళ్ళోకి రాగానే దాన్ని మొదట చదివి వంటబట్టించుకున్నది ఆ అమ్మాయి కాదు, ఆమె తండ్రి. పాత ఆచారంలో మాట తప్పితే పరువు పోయేది, పెద్దమనుషులు నిలదీసేవాళ్ళు. కొత్త చట్టం ఆ మాటకున్న బరువు తీసేసింది. ఆడపిల్లకు స్వేచ్ఛనిద్దామని తలుపు తీస్తే, అందులోంచి ముందుగా దూరింది ధర పెంచుకోవాలనుకున్న తండ్రి.

జాంగ్ జిన్‌త్సైకి సంగతి తెలిసి ఫిర్యాదు చేస్తే, ఆ రెండో సంబంధాన్ని కౌంటీ అధికారులు కొట్టేశారు. కథ అక్కడితో ముగియాల్సింది.

1943 ఫిబ్రవరిలో పెంగర్ ఒక విందుకు వెళ్ళింది. జాంగ్ బై కూడా వచ్చాడు. ఇద్దరి మధ్య మాటా పలుకూ లేదు. కానీ చూసింది, నచ్చాడు, ఇతన్నే చేసుకుంటానని తన మనసులో మాట బయటపెట్టింది. మార్చిలో తండ్రి మూడోసారి బేరం కుదిర్చాడు. ఈసారి చింగ్‌యాంగ్ వైపు జూ షోచాంగ్ అనే అతనికి. 8,000 యువాన్లు, 20 వెండి నాణేలు, నాలుగు తానుల గుడ్డ.

ఈ అంకెలు చదవగానే అందరూ "ఎంత ఆశపోతు తండ్రి!" అంటారు. నాకు అంత తేలిగ్గా అనబుద్ధి కాదు. రెండు బేరాలనూ పక్కపక్కన పెట్టి చూడండి. కాగితం డబ్బు మూడు రెట్లు దాటింది, వెండి మాత్రం 48 నుంచి 20కి పడింది. ఆ రోజుల్లో యుద్ధం వల్ల కాగితం యువాన్ విలువ నెలనెలా కరిగిపోతోంది. దిగ్బంధం వల్ల సరిహద్దు ప్రాంతంలో గుడ్డ దొరకడమే గగనం, జనం సొంతంగా రాట్నం తిప్పి నేసుకుంటున్నారు. అంటే మూడో బేరం పైకి కనిపించినంత పెద్దది కాకపోవచ్చు. ధర పెరిగిందని సంబరపడ్డ తండ్రికీ, ధర తగ్గిపోతోందని కంగారుపడ్డ తండ్రికీ తేడా ఉంది. కూతుర్ని సరుకులా చూడడం రెండింట్లోనూ ఒకటే, నేరం నేరమే. కానీ మధ్యవర్తిగా అతనితో కూర్చోవాల్సింది మనం. అతన్ని నడిపిస్తున్నది ఆశో భయమో తెలియకపోతే మొదటి పది నిమిషాల్లోనే మాట చెడుతుంది.

మూడో బేరం కబురు అందగానే జాంగ్ జిన్‌త్సై కోర్టుకు వెళ్ళలేదు. ఒకసారి వెళ్ళాడు, గెలిచాడు, ఏం లాభం? మార్చి 18 రాత్రి ఇరవై మంది దాకా మనుషుల్ని కూడగట్టుకుని కర్రలతో ఫెంగ్ ఇంటి మీద పడి, పిల్లను ఎత్తుకుపోయి పెళ్ళి చేసేశాడు. దొంగలు పడ్డారనుకుని చుట్టుపక్కల జనం బెదిరిపోయారు. తెల్లారి తండ్రి కేసు పెట్టాడు.

మొదటి తీర్పు

కౌంటీ న్యాయాధికారి జాంగ్ జిన్‌త్సైకి ఆరు నెలల జైలు వేశాడు. పెళ్ళి చెల్లదన్నాడు.

తప్పేముంది? ఎత్తుకుపోవడం నేరం. బాల్యంలో కుదిర్చిన సంబంధానికి చట్టంలో విలువ లేదు. మా శిక్షణలో లా చదివిన వాళ్ళందరూ ఈ తీర్పు సరైనదే అంటారు. నేనెప్పుడూ కాదనను. ఒక్కటే అడుగుతాను: ఈ తీర్పు వచ్చిన మర్నాడు పెంగర్ ఏ ఇంట్లో ఉంటుంది? తండ్రి ఇంట్లోనే కదా. ఆ తండ్రి చేతిలో జూ షోచాంగ్ బేరం ఇంకా సజీవంగానే ఉంది. స్వేచ్ఛా వివాహ చట్టాన్ని అక్షరం తప్పకుండా అమలు చేసి, న్యాయాధికారి పిల్లను తెచ్చి వేలంపాటలో నిలబెట్టాడు. ఇంత జరిగినా ఆమెకేం కావాలన్నది తీర్పులో ఎక్కడా లెక్కలోకి రాలేదు. వాది తండ్రి, ప్రతివాది మామ. ఆమె కేసులో వస్తువు.

తీర్పు ఎవరికీ రుచించలేదు. జాంగ్ కుటుంబానికి సరే, ఊళ్ళో సంబంధం లేనివాళ్ళకు కూడా ఇది అన్యాయంగానే తోచింది. పెంగర్ మాత్రం ఊరుకోలేదు. కాలినడకన వెళ్ళి, ఆ ప్రాంతపు అధికారి మా షీవూ ('మా' అతని ఇంటిపేరు) దగ్గర మొరపెట్టుకుంది. ఆ కాలంలో, ఆ గుట్టల్లో, పందొమ్మిది ఇరవై ఏళ్ళ పల్లెటూరి పిల్ల ప్రాంతీయాధికారిని వెతుక్కుంటూ నడిచి వెళ్ళగలగడం కూడా కొత్త సమాజం ఇచ్చిన ధైర్యమే. ఆ మేరకు వాళ్ళకు మార్కులు వెయ్యాలి.

మా షీవూ చేసిన పని

మా షీవూ ఆ పక్క బావోఆన్ కౌంటీ మనిషే. లోంగ్‌దోంగ్ ఉపప్రాంతానికి పాలనాధికారి, 1943 నుంచి అక్కడి శాఖా న్యాయస్థానానికీ అధిపతి. కలెక్టరూ జడ్జీ ఒక్కడే అన్నమాట. మన కళ్ళకు అది ఎబ్బెట్టుగానే ఉంటుంది, ఉండాలి కూడా.

అతను పని చేసిన వరస చూడండి. మొదట ఆ ఊళ్ళ కార్యకర్తలను అడిగి, రెండు కుటుంబాల సంగతులు, గత బేరాల సంగతులు తెలుసుకున్నాడు. తర్వాత ఊరి జనం ఏమనుకుంటున్నారో విన్నాడు. ఆ తర్వాత పెంగర్‌తో చనువున్న మనుషులను ఆమె దగ్గరికి పంపి, నిజంగా ఎవరిని చేసుకోవాలనుందో కనుక్కోమన్నాడు. ఆ పైన తానే స్వయంగా అడిగాడు. చచ్చినా జాంగ్ బైనే చేసుకుంటానంది. ఇదంతా అయ్యాక ఊరి జనం మధ్య బహిరంగ విచారణ పెట్టి, అందరి ముందూ ఆమెను మళ్ళీ అడిగాడు. జనాన్నీ అడిగాడు. జనం మూడు ముక్కలు చెప్పారు. ఫెంగ్ కూతుర్ని మాటిమాటికీ అమ్మకానికి పెట్టడం తప్పు, శిక్ష పడాలి. రాత్రిపూట మంది మీదపడి ఎత్తుకుపోవడం అంతకంటే తప్పు, వదిలేస్తే రేపు ప్రతివాడూ అదే చేస్తాడు. ఈడూ జోడూ కుదిరిన ఆ ఇద్దర్నీ మాత్రం విడదీయకూడదు.

తీర్పు కూడా అలాగే వచ్చింది. ఇద్దరికీ ఇష్టం కాబట్టి, చట్టప్రకారం నమోదు చేయించుకునే షరతు మీద పెళ్ళి చెల్లుతుంది. ఎత్తుకుపోవడానికి నాయకత్వం వహించిన జాంగ్ జిన్‌త్సై మొదలైనవాళ్ళకు జైలు, వెంట నడిచినవాళ్ళకు గట్టి చీవాట్లు. కూతుర్ని అమ్మజూపినందుకు ఫెంగ్ యాన్‌గ్వేకు శ్రమ శిక్ష.

ఈ కేసును కథలా చెప్పేవాళ్ళు సాధారణంగా "ప్రజల్ని అడిగిన జడ్జి" అని మురిసిపోతారు. 1944 జనవరిలో ప్రాంతీయ ప్రభుత్వాధినేత లిన్ బోచూ తన నివేదికలో మా షీవూ పద్ధతిని అందరూ పాటించాలన్నాడు, మార్చి 13న యెనాన్ దినపత్రిక దాని మీద ప్రత్యేక వ్యాసం వేసింది. కేసు నాటకంగా మారింది, తర్వాత సినిమా అయింది. మా షీవూ 1954లో సుప్రీం పీపుల్స్ కోర్టు ఉపాధ్యక్షుడయ్యాడు.

నాకు మాత్రం జనాన్ని అడగడం ఇందులో ఆయువుపట్టుగా కనిపించదు. అడిగిన వరసలోనే అసలు కిటుకుంది. ముందు ఆమెను చనువున్న మనుషుల ద్వారా విడిగా అడిగాడు. ఆమె సమాధానం చేతిలో పెట్టుకున్నాకే బహిరంగ విచారణకు దిగాడు. ఈ వరస తిరగేస్తే ఏమవుతుందో మన దగ్గర రచ్చబండ పంచాయితీలు చూసినవాళ్ళకు చెప్పక్కర్లేదు. అమ్మాయిని మధ్యలో నిలబెడతారు. తండ్రి ఎదురుగా, మేనమామ పక్కన. పెద్దమనిషి గొంతు మెత్తగా చేసుకుని అడుగుతాడు:

"చెప్పు బిడ్డా, నీకిష్టమేనా? ఎవ్వరికీ భయపడొద్దు."

"మీరెట్ల చెప్తే అట్లనే పెద్దనాయినా."

"ఇన్నరు గదా, పిల్ల ఒప్పుకున్నది."

కాగితం మీద వేలిముద్ర పడిపోతుంది. అడిగినట్టూ ఉంటుంది, చెప్పినట్టూ ఉంటుంది.

ఇంకో ప్రశ్న వేసుకోవాలి. పెంగర్‌కు జాంగ్ బై కాక, ఊరు ఒప్పుకోని ఇంకెవరో నచ్చి ఉంటే? ఎవర్నీ చేసుకోనని ఉంటే? అప్పుడు కూడా జనం ఆమె పక్కన నిలబడేవాళ్ళా? నాకు నమ్మకం లేదు. ఈ కేసులో అదృష్టవశాత్తూ ఆమె ఇష్టమూ, ఊరి పాత నీతీ, కొత్త చట్టమూ ఒక్క చోట కలిశాయి. నాలుగేళ్ళ వయసులో ఇచ్చిన మాటే ఇరవయ్యేళ్ళప్పుడు ఆమె కోరిక కూడా అయింది. ఊరికి మాట నిలబడింది, ప్రభుత్వానికి స్వేచ్ఛ నిలబడింది, ఎవరి లెక్క వాళ్ళకు సరిపోయింది. ప్రచారానికి ఇంతకంటే చక్కటి కేసు దొరకదు. రోజూ మన ముందుకొచ్చేవి మాత్రం ఈ మూడూ మూడు దార్లు పట్టిన కేసులు.

తర్వాత ఆ దేశంలో

1950 మే 1న చైనా జనతా రిపబ్లిక్ వివాహ చట్టం వచ్చింది. పెళ్ళి పేరుతో డబ్బూ కానుకలూ గుంజడాన్ని నిషేధించింది, విడాకుల హక్కు ఇచ్చింది. ఆ హక్కు వాడుకోబోయిన ఆడవాళ్ళు చాలామంది అత్తింటివాళ్ళ చేతుల్లో చచ్చిపోయారు, ఎందరో ఆత్మహత్య చేసుకున్నారు. ఊరి స్థాయి కార్యకర్తలే చాలాచోట్ల అడ్డం పడ్డారు. వాళ్ళూ ఎవరికో అన్నలూ, మామలూ, ఓలి కట్టి కోడలిని తెచ్చుకున్నవాళ్ళే కదా. 1953 మార్చిని దేశమంతా వివాహ చట్ట ప్రచార మాసంగా జరపాల్సి వచ్చింది.

మా షీవూ పద్ధతి కూడా కాలక్రమంలో పేరుగా మిగిలి పని మారింది. ఊరికి వెళ్ళి విచారించడం అనే మంచి అలవాటు, విడాకులడిగిన ఆడదాన్ని నచ్చజెప్పి మళ్ళీ అదే ఇంటికి పంపించే అలవాటుగా తయారైంది. రాజీ అయితే కేసు మూసినట్టే. దెబ్బలు తిని వచ్చిన మనిషికి రాజీ అంటే ఏమిటో ఫైలుకు పట్టదు. గృహహింస మీద ప్రత్యేక చట్టం ఆ దేశంలో అమల్లోకి వచ్చింది 2016 మార్చిలో. ఓలి సంగతి సరేసరి. 1939లో నిషేధించారు, 1950లో నిషేధించారు, తర్వాత సివిల్ కోడ్‌లోనూ పెట్టారు. 2024 ఫిబ్రవరిలో సుప్రీం పీపుల్స్ కోర్టు ఓలి తగాదాల్లో ఎంత తిరిగివ్వాలి, ఎవరివ్వాలి అని ప్రత్యేక నియమాలే అమల్లోకి తెచ్చింది. నిషేధమూ, దాని లెక్కలు తేల్చే నియమాలూ పక్కపక్కనే కాపురం చేస్తున్నాయి. మన వరకట్న నిషేధ చట్టానికి 1961 నుంచి వయసు లెక్కపెట్టుకునే మనం వాళ్ళను చూసి నవ్వే పరిస్థితిలో లేము.

పెంగర్ తర్వాత ఫెంగ్ జీచిన్ అని పేరు మార్చుకుంది. జాంగ్ బైతోనే కాపురం చేసింది.

మన బల్ల మీద

ఇక మా పని. తెలంగాణలో మాకొచ్చే కేసుల్లో ఒక రకం ఇలా ఉంటుంది. అమ్మాయి ఇష్టపడినవాడితో వెళ్ళిపోతుంది. తండ్రి పోలీస్ స్టేషన్‌లో కిడ్నాప్ కేసు పెడతాడు. ఒకప్పుడు ఐపీసీ 366, ఇప్పుడు న్యాయ సంహిత 87. హ్వాచీలో ఎత్తుకుపోయింది నిజంగానే జరిగింది, ఇక్కడ చాలాసార్లు కాగితం మీదే జరుగుతుంది. కానీ చట్టం ఎవరి చేతిలో ఆయుధమైందన్నది చూస్తే రెండూ ఒకే తీరు. అమ్మాయిని రక్షించడానికి రాసిన సెక్షన్‌ను అమ్మాయి మీదే తిప్పుతారు.

మేజర్ అయిన ఆడపిల్ల ఎవరితో ఉండాలో ఆమే తేల్చుకుంటుందని సుప్రీంకోర్టు 2006లో లతా సింగ్ కేసులోనూ, 2018లో హాదియా కేసులోనూ స్పష్టంగా చెప్పింది. చట్టంలో లోటు లేదు. లోటు ఆ మాట ఆమె నోట్లోంచి ఎక్కడ, ఎవరి ముందు వస్తుందన్న దగ్గర ఉంది. మేజిస్ట్రేట్ ముందు వాంగ్మూలానికి ఒకప్పుడు సీఆర్‌పీసీ 164, ఇప్పుడు నాగరిక్ సురక్ష సంహిత 183. అక్కడికి ఆమె ఏ కారులో వచ్చింది, ముందు రోజు రాత్రి ఏ ఇంట్లో పడుకుంది, తల్లి ఆసుపత్రిలో ఉందని ఎవరైనా ఫోన్ చేశారా? ఆ వాంగ్మూలం ఎంత గట్టిదో ఇవే చెబుతాయి. అందుకే వాంగ్మూలానికి ముందు అమ్మాయిని సఖి కేంద్రంలో (ఆపదలో ఉన్న ఆడవాళ్ళకు ప్రభుత్వం నడిపే సహాయ కేంద్రం) ఉంచాలని, రెండు వైపుల చుట్టాలనూ దూరం పెట్టాలని మేం గట్టిగా అడుగుతాం. కొన్నిసార్లు వింటారు.

మా దగ్గర తొలి సమావేశం ఇప్పుడు అమ్మాయితో ఒంటరిగా జరుగుతుంది, తల్లిదండ్రులతో కాదు. దీని మీద తండ్రులు గొడవ చేస్తారు. "మా పిల్లతో మాకు లేకుండా మీకేం ముచ్చట?" అంటారు. పెద్దమనుషులు అలుగుతారు. అలిగినవాళ్ళను తర్వాత బుజ్జగించుకోవచ్చు. కానీ ముందుగా వాళ్ళతో కూర్చుంటే, మా దగ్గరికి వచ్చే అమ్మాయి అప్పటికే ఏం చెప్పాలో నేర్చుకుని వస్తుంది.

ఆమెతో చనువున్న మనిషిని పంపడం అన్న రెండో మెట్టు మాత్రం ఇంకా తేలలేదు. మా షీవూకు ఆ ఊళ్ళలో ఇటు వరసా అటు వరసా కాని కార్యకర్తలు దొరికి ఉంటారు. మాకు దొరికేది అంగన్‌వాడీ టీచర్, ఆశా వర్కర్, మహిళా సంఘం లీడర్. అమ్మాయికి వాళ్ళంటే చనువే. కానీ ఆశా వర్కర్ అమ్మాయికి మేనత్త వరస అవుతుంది, సంఘం లీడర్ అప్పు తండ్రి పేరు మీద నడుస్తుంటుంది. బయటి నుంచి కౌన్సెలర్‌ను పంపితే, అమ్మాయి ఆమెకు చాయ్ ఇచ్చి, వాతావరణం గురించి మాట్లాడి పంపేస్తుంది. ప్రస్తుతానికి పెళ్ళయి వేరే ఊళ్ళో ఉంటున్న స్నేహితురాలిని వెతికి పట్టుకోవడం ఒక్కటే కొంత పనిచేస్తోంది. దానికి ఆ స్నేహితురాలి భర్త ఒప్పుకోవాలి. ఆయన్ను అడగడానికి మళ్ళీ ఒక మధ్యవర్తి కావాలి.